దేవదాసీ వ్యవస్థను బ్రిటిషువాళ్లు రద్దు చేశారా? మా అమ్మమ్మ ఇంటి సంగతి

మీరు అడిగింది ఇది: "దేవదాసీ దురాచారాన్ని బ్రిటిషువాళ్లు రద్దు చేసి మన ఆడవాళ్లను కాపాడారని ఒకరు అంటారు. అంతకుముందు వాళ్లు మహారాణుల్లా బతికారు, తెల్లవాళ్లే పాడుచేశారని ఇంకొకరు అంటారు. ఏది నిజం? చట్టం వచ్చినప్పుడు ఆ స్త్రీలు సంతోషించారా?"

రెండు మాటలూ నాకు మింగుడుపడవు. నేను చరిత్ర చదువుకున్నదాన్ని కాను. బ్యాంకులో గుమాస్తాగా చేరి ఆఫీసరుగా రిటైరయ్యాను. కానీ మా అమ్మమ్మ కోనసీమలో కళావంతుల ఇంట, అంటే ఆటపాటలే కులవృత్తిగా ఆడవాళ్లు బతికే ఇంట పుట్టింది, ఎనిమిదో ఏట గజ్జె కట్టింది, అంటే ఆ వృత్తిలోకి వచ్చింది. కాబట్టి ఇది నాకు పుస్తకంలో సంగతి మాత్రమే కాదు.

ముందు తేదీ చూడండి. ఆడపిల్లలను దేవుడికి అంకితం చేయడాన్ని నిషేధిస్తూ మద్రాసు శాసనసభ చట్టం చేసింది 1947 అక్టోబరులో. తెల్లవాళ్లు పెట్టేబేడా సర్దుకుని అప్పటికి రెండు నెలలు కావస్తోంది. అంతకు యాభై ఏళ్ల ముందు, 1893లో, మద్రాసు సంస్కర్తలు వైస్రాయికీ గవర్నరుకూ అర్జీలు పెట్టుకున్నారు. భోగం మేళాలు, అంటే సానుల ఆటపాటలు, పెట్టే విందులకు దయచేసి వెళ్లకండి, మీరు వెళితే వాటికి గౌరవం వస్తోంది అని. ఇద్దరూ ఒప్పుకోలేదు. తాము చూసిన మేళాల్లో అసభ్యంగా ఏమీ కనిపించలేదన్నారు. మరి రద్దు చేసింది వాళ్లెలా అవుతారు?

అలాగని వాళ్ల చేతికి మట్టి అంటలేదనీ అనలేను. వాళ్ల పని అంతా కాగితాల మీద జరిగింది. అందులో ఒక కాగితం నా చేతికి వచ్చింది.

పదిహేనేళ్ల క్రితం మా ఇంటి స్థలం తగాదా ఒకటి వచ్చి, పాత రికార్డు నకలు కావాల్సివచ్చింది. ఇనాం ఫెయిర్ రిజిస్టరు అంటారు. 1858లో మద్రాసు ప్రభుత్వం ఇనాం కమిషన్ వేసింది. మాన్యం భూములు ఎవరు ఇచ్చారు, ఎవరికి ఇచ్చారు, ఏ సేవకు ఇచ్చారు అని ఊరూరా విచారించి గళ్లు గీసి రాసిన పుస్తకం అది. మా ఊరి గుడి కింద ఒక వరుసలో నాలుగెకరాల చిల్లర భూమి. మొదట మాన్యం పుచ్చుకున్నది ఎవరు అన్న గడిలో ఒక ఆడమనిషి పేరు. ఇప్పటి అనుభవదారు ఎవరు అన్న గడిలో ఇంకొక ఆడమనిషి పేరు, వయసు. మొదటామెకు ఈమె ఏమవుతుంది అంటే, దత్తపుత్రిక. తండ్రి పేరు లేదు, భర్త పేరు లేదు. నేను బ్యాంకులో ముప్పయ్యేళ్లపాటు భూమి కాగితాలు చూశాను. ఇలాంటి వరుస ఇంకెక్కడా చూడలేదు.

సేవ అన్న గడిలో మాత్రం ఇంగ్లీషులో "డాన్సింగ్ గర్ల్" అని ఉంది. నకలు రాసిస్తున్న గుమాస్తా అది చదివి, పక్క బల్లమీద ఆయన్ని పిలిచి వేలుపెట్టి చూపించాడు. ఇద్దరూ నా వైపు చూశారు. నేను రుసుము కట్టి, రసీదు అడిగి పుచ్చుకుని వచ్చేశాను.

ఆ ఇంగ్లీషు మాట కింద ఎంతమంది పడిపోయారో ఆలోచించండి. గుడిలో కుంభహారతి ఇచ్చే గుడిసాని వేరు, జమీందారు కొలువులో పాడేవారు వేరు, పెళ్లిళ్లలో మేజువాణి చేసే మేళం వేరు. గోదావరి జిల్లాల కళావంతుల్లో చాలామందికి ఏ గుడితోనూ సంబంధం లేదు. వీళ్లందరినీ ఒకే మాట కింద చేర్చి, ఆ మాటకు వేశ్య అని అర్థం చెప్పాక మిగతా పని చట్టం చూసుకుంది. 1860 శిక్షాస్మృతిలో మైనరు బాలికలను వ్యభిచారానికి అమ్మడం, కొనడం నేరమన్నారు. మంచి మాటే. కానీ సాని ఇంట్లో ఆడపిల్లను దత్తత తీసుకున్నా ఆ సెక్షన్ల కిందికి లాగవచ్చు. దత్తత లేకపోతే ఆస్తి దిగేదెలా? ఇలాంటి దత్తత చెల్లదని బొంబాయి హైకోర్టు 1880లో తీర్పు ఇచ్చింది. మద్రాసు కోర్టు మాత్రం ఆచారం కాబట్టి చెల్లుతుందంది. ఒకే ప్రభుత్వం, రెండు నాలుకలు.

వేశ్య అన్న ఆ మాటను మన సంస్కర్తలు అందిపుచ్చుకున్నారు. కందుకూరి వీరేశలింగం గారంటే నాకు గౌరవం. 1881లో రాజమండ్రిలో వితంతు వివాహం చేయించడానికి ఎంత గుండె ధైర్యం కావాలో ఊహించగలను. సానివాడలకు వెళ్లే వకీళ్లనూ ఉద్యోగస్థులనూ ఆయన దులిపేశారు, అదీ ఒప్పుకుంటాను. అయినా వితంతువు మీద ఆయనకు కలిగిన జాలి సాని మీద కలగలేదు. ఆమె మీద ఏవగింపే. పద్దెనిమిదో శతాబ్దంలో తంజావూరు కొలువులో ముద్దుపళని అనే సాని రాధికా సాంత్వనము అనే కావ్యం రాసింది. స్త్రీ రాయదగిన కావ్యం కాదది అని ఆయన కోప్పడ్డారు. గాయని బెంగుళూరు నాగరత్నమ్మ గారు 1910లో ఆ కావ్యాన్ని పూర్తి పద్యాలతో అచ్చువేయించి, సిగ్గు ఆడవాళ్లకేనా, మగవాళ్లకు అక్కర్లేదా అని పీఠికలోనే నిలదీశారు. నాగరత్నమ్మ గారూ దేవదాసి కుటుంబం మనిషే. ప్రభుత్వం అశ్లీలమని ప్రతులు పట్టుకుని నిషేధించింది. ఆ నిషేధం 1947లో ప్రకాశం పంతులు గారు మద్రాసు ప్రధానిగా (ముఖ్యమంత్రిని అప్పుడు అలా అనేవారు) ఉన్నప్పుడు ఎత్తేశారు. అదే ఏడు అక్టోబరులో, ఆయన దిగిపోయాక, నేను పైన చెప్పిన చట్టం వచ్చింది. ఆ చట్టం అంకితంతో పాటు గుళ్లలో ఆటను కూడా ఆపింది. సాని రాసిన పద్యం మళ్లీ అంగడికి వచ్చింది, సాని ఆట గుడి వదిలింది!

ఇక మా ఇంటిని అన్నిటికంటే గట్టిగా తాకింది 1947 చట్టం కాదు. 1929లో డాక్టర్ ముత్తులక్ష్మి రెడ్డి గారు మద్రాసు కౌన్సిల్‌లో సభ్యురాలిగా ధర్మాదాయ చట్టానికి, అంటే గుళ్ల ఆస్తుల చట్టానికి, తెచ్చిన సవరణ. ఆమె తల్లిదీ దేవదాసీ కుటుంబమే, కాబట్టి పరాయి ఆవిడ చేసిన పని అనడానికి వీల్లేదు. సవరణ సారాంశం: గుడిలో సేవ చేయకపోయినా మాన్యం భూమి ఆ స్త్రీకే ఉంటుంది, భూమి కోసం గజ్జె కట్టనక్కర్లేదు. చదివితే ఎంత బాగుందో కదా. నాకూ బాగుందనే అనిపించింది.

అయితే భూమికి సేవతో లంకె తెగిపోయాక అది మామూలు ఇళ్లలో ఉండే ఆస్తిలాంటిదే అయింది. ఆ రోజుల్లో మామూలు ఇళ్లలో ఆస్తి కొడుకులకు పోయేది. అంతవరకు మా అమ్మమ్మ ఇంట్లో మగపిల్లలు మద్దెల వాయించేవారు, తాళం వేసేవారు, అక్కచెల్లెళ్ల సంపాదన మీద బతికేవారు. ఆడపిల్ల పుడితే ఊరంతా పంచదార పంచే ఇల్లు అది. అమ్మమ్మ తమ్ముడు నాలుగు అక్షరాలు నేర్చుకున్నవాడు. వాళ్ల అమ్మ చేత కాగితాల మీద వేలిముద్ర వేయించి పట్టా తన పేర మార్పించుకున్నాడు. అమ్మమ్మకు పెరటి వైపు పాక మిగిలింది. ఆయన కులం పేరు సూర్యబలిజ అని రాయించుకుని, వేరే ఊరి పిల్లను చేసుకున్నాడు. ఆ పెళ్లికి అక్కను రావద్దన్నాడు. ఆయన మద్రాసు వెళ్లి సంఘ సంస్కరణ సభల్లో కూర్చుని వచ్చేవాడని అమ్మమ్మ మామూలుగానే చెప్పేది, కోపం లేకుండా.

ఇదంతా చదివి, అయితే పాత పద్ధతే బాగుందంటారా అని మీరు అడగవచ్చు. అనను. ఎనిమిదేళ్ల పిల్లకు గజ్జె కట్టేటప్పుడు నీకు ఇష్టమేనా అని ఎవరూ అడగలేదు. ఈడొచ్చాక ఎవరి పోషణలో ఉండాలో కూడా ఇంట్లో ముసలావిడ, ఆ ఇంటికి వచ్చిన పెద్దమనిషి మాట్లాడుకుని తేల్చేశారు. మా అమ్మను పొమ్మన్నా ఆ వైపు పోనివ్వనిది అమ్మమ్మే. బడిలో వేసింది, టైపు నేర్పించింది, పెళ్లి చేసింది. కాకపోతే గజ్జె వద్దనుకున్న మనిషికి పాట మీద మమకారం పోవాలని ఏముంది? వానాకాలం మధ్యాహ్నాలు చిక్కుడుకాయలు తుంచుతూ అధ్యాత్మ రామాయణ కీర్తనలు అందుకునేది. కాసేపటికి కాయలు చాటలోనే ఉండేవి, చేతులు మాత్రం ఆడుతుండేవి. చూపుడువేలు కణతకు చేరితే సీతమ్మ ఆలోచనలో పడినట్టు. మా అమ్మ గబగబా వచ్చి వీధివైపు కిటికీలు మూసేది. నాకు అప్పుడు అర్థమయ్యేది కాదు, గాలి ఆడటం లేదని గొడవ చేసేదాన్ని.

ఆ రోజుల్లోనే మా ఊరికి భాగవతులు వచ్చి భామాకలాపం ఆడేవారు. మగవాళ్లే సత్యభామ జడ వేసుకుని వస్తే ఊళ్లో పెద్దలు శాలువాలు కప్పేవారు. అదే భామాకలాపం అమ్మమ్మకు మొదటి నుంచి చివరిదాకా వచ్చు. చాప మీద కూర్చుని చూసి, "జడ బాగుంది" అని లేచి వచ్చేసింది. తరవాత 1970 ప్రాంతంలో నాట్యాచార్యులు నటరాజ రామకృష్ణ గారు గోదావరి జిల్లాల పాత కళావంతులను వెతికి వేదికల మీదికి తెచ్చారు. ఎవరో వెళ్లమన్నారు. మనవరాళ్లకు సంబంధాలు చూడాల్సిన ఇల్లు, తాను వెళ్లనంది.

కులం పేరు మార్చుకున్నంత మాత్రాన పోయిందా అంటే అదీ లేదు. వెనుకబడిన తరగతుల జాబితాలో సూర్యబలిజ పక్కనే కుండలీకరణాల్లో కళావంతుల అని ఉంటుంది. మా అబ్బాయి కౌన్సెలింగ్‌కు సర్టిఫికెట్ తీసుకున్న రోజు ఆ కుండలీకరణాలు చూసి, అమ్మా ఇదేమిటి అని అడిగాడు. అప్పుడు చెప్పాను వాడికి, ఇప్పుడు మీకు చెప్పినట్టే.

ఇక మీ చివరి ప్రశ్న. చట్టం వచ్చినప్పుడు సంతోషించావా అని అమ్మమ్మను నేనూ అడిగాను, ఆమె పోవడానికి రెండేళ్ల ముందు. "ఏ చట్టం?" అంది. 1947 సంగతి ఆమెకు తెలియనే తెలియదు. గుడిలో సేవ అప్పటికే పోయింది, పెళ్లి మేళాలు మాత్రం నడుస్తూనే ఉన్నాయి. 1956లో ఆంధ్ర రాష్ట్రంలో ఆ చట్టానికి సవరణ చేసి పెళ్లిళ్లలో మేళం కూడా నేరమన్నారు. అది ఆమెకు తెలిసింది. ఎలాగంటే, మేళానికి బయానా ఇచ్చిన పెళ్లివారు తిరిగొచ్చి, పోలీసులు పట్టుకుంటారట, డబ్బు ఇచ్చేయమని అడిగారు.

"ఎంత బయానా అమ్మమ్మా?"

"పదహారు రూపాయలు. మద్దెల ఆయనకు అప్పటికే నాలుగు ఇచ్చేశాను. ఆ నాలుగూ నా చేతి నుంచి పడ్డాయి."