గప్పీల మేత: పాఠకుల సందేహాలు, సమాధానాలు

ఇంటి అక్వేరియం ఏర్పాటు గురించి గత సంచికలో వ్రాసిన తరువాత మాకు అందిన ఉత్తరాలలో ఎక్కువ భాగం గప్పీల మేతకు సంబంధించినవే. ఒకే సందేహాన్ని పలువురు అడిగినచోట ఒక ఉత్తరాన్ని మాత్రమే తీసుకొని సమాధానమిస్తున్నాము.

ప్రశ్న: రెండు నెలల క్రితం 40 లీటర్ల గాజు తొట్టెలో 10 గప్పీలను పెంచడం మొదలుపెట్టాము. ఎవరు దగ్గరికి వెళ్ళినా అన్నీ గుంపుగా అద్దం దగ్గరికి వచ్చి ఆబగా నోళ్ళు తెరుస్తాయి. ఆకలితో ఉన్నాయేమోనని ఇంట్లో అందరమూ కలిసి రోజుకు నాలుగైదుసార్లు ఫ్లేక్స్ (పలుచని రేకుల రూపంలోని మేత) వేస్తున్నాము. ఫిల్టర్ స్పాంజిని వారం వారం కుళాయి కింద శుభ్రంగా కడుగుతున్నాము. అయినా నీరు తెల్లగా మసకబారి వాసన వస్తున్నది, రెండు చేపలు చనిపోయాయి. మేత చాలడం లేదా? మేతే మంచిది కాదా?
— ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: మేత చాలినంత కంటే చాలా ఎక్కువగా పడుతున్నదని మీరు వ్రాసిన వివరాలను బట్టే తెలుస్తున్నది. గప్పీ పరుగున రావడాన్ని ఆకలికి గుర్తుగా తీసుకోకండి. ట్రినిడాడ్, వెనిజులా, గయానా ప్రాంతాల వాగులలోను, మడుగులలోను సహజంగా బతికే ఈ చేప, రాళ్ళకు పట్టిన నాచును, నీటిలోని సూక్ష్మజీవులను, చిన్న పురుగులను పగలంతా కొద్దికొద్దిగా ఏరుకొని తింటుంది. దానికి మనకున్నట్లు ఆహారాన్ని నిలువ చేసుకొనే జీర్ణాశయం లేదు. తిన్నది నేరుగా పేగులోకి పోతుంది. కాబట్టి ఎదురుగా మేత కనబడినంతసేపూ తినడానికి ప్రయత్నించడం దాని స్వభావం. పైగా మనిషి వస్తే మేత పడుతుందన్న సంగతిని అది చాలా త్వరగా నేర్చుకుంటుంది. మీ ఇంట్లో నలుగురు ఉంటే నలుగురినీ అదే విధంగా అడుగుతుంది, ఆ సంగతి నలుగురికీ తెలియదు.

తినగా మిగిలిన మేత, అతిగా తిన్న చేప వదిలే మలం నీటిలో కుళ్ళి అమ్మోనియాగా మారుతాయి. చేపలు మొప్పల ద్వారా కూడా అమ్మోనియాను విసర్జిస్తాయి. ఫిల్టర్ స్పాంజిలో నివాసమేర్పరచుకొనే ఒక రకం బాక్టీరియా ఈ అమ్మోనియాను నైట్రైట్‌గాను, మరొక రకం ఆ నైట్రైట్‌ను అంతగా హాని చేయని నైట్రేట్‌గాను మారుస్తాయి. కొత్త తొట్టెలో ఈ బాక్టీరియా తగినంతగా పెరగడానికి సాధారణంగా 4 నుంచి 6 వారాలు పడుతుంది. మీరు క్లోరిన్ కలిసిన కుళాయి నీటితో వారం వారం స్పాంజిని కడగడం వలన, అవి కుదురుకునేలోపే నశిస్తున్నాయి. ఒకవైపు మేత ఎక్కువైంది, మరొకవైపు దానిని శుద్ధి చేసే బలం తగ్గింది. నీరు తెల్లబారడానికి కారణం, కుళ్ళిన పదార్థం మీద మరొక జాతి బాక్టీరియా ఒక్కసారిగా పెరగడం.

ముందుగా రెండు రోజులు మేత పూర్తిగా ఆపండి. ఆరోగ్యంగా ఉన్న పెద్ద గప్పీకి దానివలన ఏ నష్టమూ లేదు. అడుగున పేరుకున్న మడ్డిని సన్నని గొట్టంతో లాగివేస్తూ, రోజుకు నాలుగో వంతు నీటిని మార్చండి. కొత్తగా పోసే నీటిలో క్లోరిన్ విరుగుడు మందు కలపడం మరవకండి. స్పాంజిని ఇకమీదట తొట్టెలోనుంచి తీసిన నీటిలోనే పిండండి. నీరు తేరుకున్న తరువాత ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి మాత్రమే, చేపలన్నీ కలిసి ఒకటి రెండు నిమిషాలలో పూర్తిగా తినివేయగలిగినంత మేత వేయండి. ఎనిమిది గప్పీలకు అది రెండు వేళ్ళ కొసల మధ్య పట్టే చిటికెడు కంటే తక్కువే ఉంటుంది. గప్పీ నోరు చిన్నది, పైకి తిరిగి ఉంటుంది. అందువల్ల ఫ్లేక్స్‌ను వేళ్ళతో నలిపి నీటి పైభాగాన చల్లాలి. ఆ రెండు నిమిషాలు ఫిల్టర్‌ను ఆపితే మేత కొట్టుకుపోదు, కానీ ఫిల్టర్‌ను తిరిగి నడపడం మరచిపోతే మొదటికే మోసం వస్తుంది. దీపం ఆర్పడానికి గంట ముందే సాయంత్రపు మేత ముగించాలి. వారంలో ఒక రోజు పస్తు ఉంచడం మంచిది. ఇంట్లో మేత వేసే బాధ్యతను ఒక్కరికే అప్పగించడం అన్నిటికంటే మంచిది.

మీ ప్రాంతపు వేసవికి సంబంధించి మరొక మాట. 25 డిగ్రీల వద్ద లీటరు నీటిలో సుమారు 8.2 మిల్లీగ్రాముల ఆక్సిజన్ కరిగి ఉండగలదు. 30 డిగ్రీలకు చేరితే అది సుమారు 7.5కు తగ్గుతుంది. అదే సమయంలో వేడి వలన చేపకు ఆక్సిజన్ అవసరం పెరుగుతుంది, మేత అరిగేటప్పుడు ఇంకా పెరుగుతుంది. కరెంటు పోయి గాలి పంపు ఆగిన పూట మేత మానివేయడమే క్షేమం. బోరు నీరు వాడేవారు కూడా గమనించాలి. కఠినమైన, క్షారగుణం గల నీరు గప్పీకి సరిపడే మాట నిజమే కానీ, క్షారగుణం పెరిగేకొద్దీ అమ్మోనియా విషప్రభావం కూడా పెరుగుతుంది.

ప్రశ్న: దుకాణంలో తూకం మీద ఇచ్చే రంగు గుళికలు చవకగా ఉన్నాయి. డబ్బాలో వచ్చే మేతకు, వాటికి తేడా ఏమిటి? మా అత్తగారు కోనేటి చేపలకు వేసినట్లు అన్నం మెతుకులు, మరమరాలు, అప్పుడప్పుడు ఉడికిన గుడ్డు పచ్చసొన వేస్తుంటారు. వద్దని చెప్పడానికి తగిన కారణం చెప్పండి.
— గృహిణి, హైదరాబాద్

జవాబు: కోనేటిలోని బొచ్చె, శీలావతి వంటివి పెద్ద చేపలు, వాటి చుట్టూ ఉన్నది పెద్ద నీరు. అక్కడ గుప్పెడు మరమరాలు ఏ మూలకూ రావు. గాజు తొట్టెలో నాలుగు మెతుకులు ఉబ్బి అడుగున చేరితే మరునాటికి పులుస్తాయి. అన్నం, బిస్కట్, బ్రెడ్డు, మరమరాలలో ఉండేది ప్రధానంగా పిండిపదార్థమే, గప్పీ పెరుగుదలకు కావలసిన మాంసకృత్తులు వాటిలో స్వల్పం. పచ్చసొన పోషకమే అయినప్పటికీ నీటిలో పొడిపొడిగా విడిపోయి తొట్టెను అన్నిటికంటే వేగంగా పాడుచేస్తుంది. అత్తగారికి ఏదైనా స్వయంగా పెట్టాలన్న ముచ్చట ఉంటే, వేడినీటిలో రెండు నిమిషాలు ఉంచిన పాలకూర ఆకు ముక్కను గాని, ఉడికించి తొక్క తీసి నలిపిన ఒక పచ్చి బఠాణీ గింజను గాని వారానికి ఒకటి రెండుసార్లు ఇవ్వమనండి. గప్పీ శాకాహారాన్ని, మాంసాహారాన్ని కలిపి తినే చేప కాబట్టి ఇవి దానికి మేలే చేస్తాయి. మిగిలిన ముక్కను కొద్ది గంటలలో బయటికి తీసివేయాలి.

విడి గుళికల సంగతికి వస్తే, వాటిలో ఏమున్నదో, ఎప్పుడు తయారైందో తెలుసుకొనే మార్గం లేదు. డబ్బా మీద మాంసకృత్తులు 35 నుంచి 45 శాతం వరకు ఉన్నట్లు, ముడిసరుకులలో చేపపొడి లేదా రొయ్యపొడితోపాటు స్పిరులినా వంటి నాచు ఉన్నట్లు చూసి కొనండి. డబ్బా తెరిచిన తరువాత గాలికి, తేమకు విటమిన్లు, ముఖ్యంగా విటమిన్ సి, త్వరగా నశిస్తాయి. కనుక రెండు మూడు నెలలలో అయిపోయే చిన్న డబ్బా కొనడమే నిజమైన పొదుపు. తడి చేతితో డబ్బాలోనుంచి మేత తీయకూడదు. వానకాలంలో బూజు వాసన వచ్చిన మేతను మొహమాటం లేకుండా పారవేయండి.

ప్రశ్న: మాకు రొయ్యల చెరువు ఉంది. ఇంట్లో ఎప్పుడూ ఉండే రొయ్యల మేతను పొడిచేసి గప్పీలకు వేయవచ్చునా? హేచరీలలో రొయ్య పిల్లలకు వేసే ఆర్టీమియా (ఉప్పునీటిలో బతికే, రొయ్యను పోలిన అతి చిన్న జీవి) గప్పీ పిల్లలకు పనికివస్తుందా? మా ఆడచేప ఈ వారమే ఈనింది, సగం పిల్లలను పెద్దవే తినివేశాయి.
— రైతు, భీమవరం

జవాబు: రొయ్య అడుగున పాకుతూ తీరికగా తింటుంది కాబట్టి, దాని మేతను వెంటనే మునిగేటట్లు, నీటిలో కొన్ని గంటలపాటు చెదరకుండా నిలిచేటట్లు తయారుచేస్తారు. గప్పీ నీటి పైభాగాన, మధ్యభాగాన తింటుంది. పొడిచేసిన రొయ్య మేతలో చాలా భాగం దాని నోటికి అందకుండానే ఇసుకలోకి దిగిపోతుంది. అది విషం కాదు, ఒక పూట మేత అయిపోతే చిటికెడు వేసినా ఫరవాలేదు. కానీ నిత్యం వేయదగినది కాదు.

ఆర్టీమియా మాత్రం గప్పీ పిల్లలకు దాదాపు అన్నిటికంటే మంచి ఆహారం, మీ ప్రాంతంలో అది దొరకడం మీ అదృష్టం. లీటరు నీటికి 25 నుంచి 30 గ్రాముల రాళ్ళ ఉప్పు కలిపి, ఒక సీసాలో పోసి, చిటికెడు ఆర్టీమియా గుడ్లు వేసి, గాలి పంపును గట్టిగా నడుపుతూ, పైన ఒక దీపం వెలిగించి ఉంచితే, 26–28 డిగ్రీల వెచ్చదనంలో సుమారు 24 గంటలకు పిల్లలు బయటికి వస్తాయి. తరువాత గాలి ఆపితే ఖాళీ పెంకులు పైకి తేలుతాయి, నారింజ రంగు పిల్లలు కిందికి, వెలుగు పడే వైపునకు చేరుతాయి. వాటిని గొట్టంతో తీసి, పలుచని నేత గుడ్డలో వడగట్టి, మంచినీటితో ఒకసారి కడిగి వేయాలి. పెంకులు తొట్టెలో పడకుండా చూడాలి, వాటిని మింగిన పసిచేపలకు పేగు మూసుకుపోయే ప్రమాదం ఉన్నది. పొదిగిన ఆర్టీమియాను ఆ రోజే వాడాలి. గంటలు గడిచేకొద్దీ తమలోని పచ్చసొన నిల్వను అవే ఖర్చు చేసుకుంటాయి, మంచినీటిలో ఎక్కువసేపు బతకవు కూడా.

గప్పీ గుడ్లు పెట్టదు, పిల్లలనే కంటుంది. పుట్టిన పిల్ల సుమారు 6 నుంచి 8 మిల్లీమీటర్ల పొడవు ఉండి, మొదటి రోజే ఈదుతూ మేత వెదుక్కుంటుంది. గుడ్డు నుంచి వచ్చే చేపపిల్లలకు కావలసినంత సూక్ష్మమైన ఆహారం దీనికి అక్కరలేదు, మెత్తగా పిండిలా నలిపిన ఫ్లేక్స్ సరిపోతాయి. పెద్దవాటికి రోజుకు రెండుసార్లయితే, పిల్లలకు మొదటి నెలంతా రోజుకు నాలుగైదుసార్లు, ప్రతిసారీ అతి కొద్దిగా వేయాలి. ఆ మేరకు నీరు కూడా తరచుగా మార్చాలి. పెద్దవి పిల్లలను తినడం ఆకలి వల్లనే అనుకోకండి; కడుపునిండిన తల్లి కూడా తన ఎదుట కదిలే చిన్న ప్రాణిని మేతగానే చూస్తుంది. నీటి పైభాగాన దట్టమైన మొక్కలు ఉంటే కొన్ని పిల్లలైనా దాగి బతుకుతాయి. అన్నీ బతకాలంటే వేరే తొట్టె తప్పదు.

ప్రశ్న: మా ఇంటి నీళ్ళ డ్రమ్ములో దోమ లార్వాలు ఉన్నాయి. వాటిని వలతో పట్టి గప్పీలకు వేస్తే ఎంతో ఇష్టంగా తింటున్నాయి. రోజూ వేయవచ్చునా?
— తొమ్మిదో తరగతి విద్యార్థి, కర్నూలు

జవాబు: గప్పీకి దోమ లార్వా సహజాహారమే. దోమల నివారణకు మన దేశంలో బావులలోను, నీటి తొట్లలోను గంబూసియా అనే చేపతోపాటు గప్పీలను కూడా విడిచిపెట్టినది అందుకే. శుభ్రమైన నీటిలోని లార్వాలను కడిగి, అప్పటికప్పుడు తినివేయగలిగినన్ని మాత్రమే వారానికి రెండుసార్లు వేయవచ్చు. కానీ చేపల కోసమని డ్రమ్ములో వాటిని పెంచడం మాత్రం వద్దు నాయనా. డెంగీని వ్యాపింపజేసే ఏడిస్ దోమ అటువంటి నిలువ నీటిలోనే గుడ్లు పెడుతుంది, వెచ్చని వాతావరణంలో వారం పది రోజులలోనే గుడ్డు రెక్కల దోమగా మారుతుంది. డ్రమ్మును వారానికొకసారి ఖాళీ చేసి, గోడలను రుద్ది, ఆరబెట్టి, తిరిగి నింపిన తరువాత మూత పెట్టండి. మురుగు కాలువలలో దొరికే ఎర్ర ట్యూబిఫెక్స్ పురుగులను తెచ్చి వేయవద్దు, వాటితోపాటు రోగకారక క్రిములు తొట్టెలోకి చేరుతాయి. గప్పీలు ఎక్కువైతే చెరువులోనో వాగులోనో వదలడం కూడా తగదు, అక్కడి స్థానిక చేపలకు అవి పోటీ అవుతాయి.

ప్రశ్న: మగ గప్పీల రంగు వెలిసిపోతున్నది. రంగు పెంచే మేత నిజంగా పనిచేస్తుందా? ఒక ఆడ గప్పీ కడుపు బాగా ఉబ్బింది, మేత ఎక్కువైందా?
— ఒక పాఠకుడు, వరంగల్లు

జవాబు: నారింజ, పసుపు ఛాయలకు కావలసిన కెరోటినాయిడ్లనే రంగు పదార్థాలను చేప తనంతట తాను తయారుచేసుకోలేదు, నాచు నుంచి, చిన్న జీవుల నుంచి తీసుకోవలసిందే. స్పిరులినా, ఆర్టీమియా కలిసిన మేత ఆ మేరకు పనిచేస్తుంది. నలుపు, నీలం ఛాయలు జన్యువులను బట్టి వస్తాయి, వాటిని ఏ మేతా పెంచదు. నీరు చెడినా రంగు తగ్గుతుంది కాబట్టి డబ్బా మార్చడానికి ముందు నీటిని పరీక్షించండి. ఆడచేప కడుపు వెనుక భాగాన నల్లని మచ్చ ముదురుతూ, మూడు నాలుగు వారాలలో పొట్ట చతురస్రాకారంగా మారుతుంటే అది గర్భమే, మేత తగ్గించనక్కరలేదు. పొలుసులు నిక్కబొడుచుకొని ఉంటే మాత్రం అది జబ్బు, వెంటనే వేరే తొట్టెలోకి మార్చాలి.

ప్రశ్న: సంక్రాంతికి పది రోజులు ఊరికి వెళ్తున్నాము. తొట్టెలో కరిగే మేత బిళ్ళ వేసి వెళ్ళవచ్చునా?
— ఉద్యోగి, బెంగళూరు

జవాబు: ఆ బిళ్ళలు ఎవరూ చూడని వేళ కరిగి నీటిని పాడుచేసే అవకాశమే ఎక్కువ. ఆరోగ్యంగా ఉన్న పెద్ద గప్పీలు ఒక వారం వరకు మేత లేకుండా ఉండగలవు, తొట్టెలో మొక్కలు, నాచు ఉంటే వాటినే కొరుక్కుంటాయి. మీరు వెళ్ళేది పది రోజులు కనుక పొరుగువారి సాయం తీసుకోండి. అయితే మేత డబ్బాను వారి చేతికి ఇవ్వకండి. రెండు రోజులకు ఒకటి చొప్పున, ఒక్కొక్క పూటకు సరిపడే మేతను చిన్న కాగితపు పొట్లాలుగా కట్టి, వాటి మీద తేదీలు వ్రాసి ఇవ్వండి. డబ్బాను బీరువాలో పెట్టి తాళం వేయండి. ప్రయాణానికి ముందు రోజు రెండింతలు వేసి వెళ్ళే అలవాటు చాలామందికి ఉన్నది, అది మానండి. తిరిగి వచ్చిన రోజు ముందు నీటిని పావు వంతు మార్చి, మేత మరునాడు ఉదయం వేయండి. చిన్న పిల్లలున్న తొట్టెకు ఈ పద్ధతి పనికిరాదు, వాటికి రోజూ ఎవరో ఒకరు మేత వేయవలసిందే.