నీ పిల్లలకి కల ఉంది, రోజు లేదు

ప్రియమైన తమ్ముడికి,

నువ్వు పంపిన ఎనిమిది ఎపిసోడ్ల వెబ్ సిరీస్ వన్‌లైన్ (సీన్ల వరస), మొదటి ఎపిసోడ్ డైలాగ్ వెర్షన్ రెండూ పూర్తిగా చదివాను. జగిత్యాలలో ఇంటర్ చదివే ఐదుగురు పిల్లల కథ అనగానే సంతోషం వేసింది. మన తెర మీద కాలేజీ పిల్లలంటే ఎక్కువగా హైదరాబాద్ పిల్లలే, లేకపోతే ఏ ఊరో తెలియని ఊరి పిల్లలు. నువ్వు పేరు పెట్టి మరీ ఊరు రాశావు. పల్లె వెలుగు బస్సులో, పాస్ ఇంట్లో మర్చిపోయి వచ్చిన పిల్లాణ్ని కండక్టర్ దింపేయకుండా "రేపు చూపియ్" అని వదిలేసే సీన్ ఉంది చూడు, అందులో ఒక్క మాట కూడా మార్చకు.

మిగతాది సూటిగానే చెప్తాను, ఏమీ అనుకోకు.

నీ పిల్లలకి కలలున్నాయి గానీ రోజు లేదు. పొద్దున ఎన్నింటికి లేస్తారు, నీళ్లు ఎవరు పడతారు, ఎవరి ఫోన్‌లో క్లాసు వింటారు, ఫీజు ఎవరు కడుతున్నారు, ఆ కట్టేవాళ్లు ఎవరి దగ్గర అప్పు తెచ్చారు, ఇవేవీ స్క్రిప్టులో లేవు. ఉన్నదల్లా ఎపిసోడ్ చివర ఐదుగురూ గుట్టెక్కి, పొద్దు గుంకుతుంటే ఒకరి తర్వాత ఒకరు "నేను డాక్టర్", "నేను బాక్సర్", "నేను డైరెక్టర్" అని చెప్పుకునే సీన్. దాన్ని తీసెయ్. పెద్ద కోరిక ఉన్న పిల్లలు దాన్ని అలా బయట పెట్టరు, వింటే ఎక్కడ నవ్వుతారో అని దాచుకుంటారు. చుట్టాలొచ్చి "ఏమైతవ్ బిడ్డా?" అంటే ఇంట్లోవాళ్లకి నచ్చే జవాబొకటి చెప్పి తప్పించుకుంటారు. ఆ దాచుకోవడం మీదే మొదటి ఎపిసోడ్ నడిపించొచ్చు.

ఐఐటీ కోచింగ్ పిల్లల మీద వచ్చిన హిందీ వెబ్ సిరీస్ 'కోటా ఫ్యాక్టరీ' చూసి ఈ కథ మొదలుపెట్టానన్నావు. మంచిదే. 2019లో టీవీఎఫ్ వాళ్లు మొదటి సీజన్‌ని యూట్యూబ్‌లో పెట్టినప్పుడు ఐదే ఎపిసోడ్లు, బ్లాక్ అండ్ వైట్. తర్వాత నెట్‌ఫ్లిక్స్‌కి వెళ్లి 2024లో మూడో సీజన్ దాకా వచ్చింది. దాన్ని మళ్లీ చూడు, ఈసారి రాసేవాడి కళ్లతో చూడు. ఇటార్సీ నుంచి వచ్చిన ఆ కుర్రాడు మొదట్లో దేని కోసం తిరుగుతాడు? ఐఐటీ కోసం కాదు, మంచి బ్యాచ్‌లోకి మారడం కోసం. ఆ తర్వాత ఇనార్గానిక్ కెమిస్ట్రీ బుర్రకెక్కక అవస్థ పడతాడు. ఇంత చిన్న సంగతుల మీద ఎపిసోడ్లకి ఎపిసోడ్లు నిలబడ్డాయంటే, ఆ పిల్లాడి రోజు ఎలా గడుస్తుందో రాసినవాళ్లకి తెలుసు. నువ్వు మాత్రం అందులోంచి మాస్టారిని తెచ్చుకున్నావు. నీ ఫిజిక్స్ సార్ ఎపిసోడ్‌కో ఉపన్యాసం ఇస్తున్నాడు. ఎనిమిదింట్లో ఒక్కటి ఉంచు. మిగతా ఎపిసోడ్లలో ఆయన ఫిజిక్స్ చెప్పనీ. పాఠం బాగా చెప్పే మనిషిని తెర మీద చూడటం ఎంత బాగుంటుందో మనవాళ్లకి ఇంకా ఎవరూ చూపించలేదు.

ఇప్పుడు నీ బైపీసీ అమ్మాయి సంగతి. తల్లి బీడీలు చేస్తుందని ఒక్క లైన్‌లో రాసి వదిలేశావు. తమ్ముడూ, ఆ లైన్ కింద ఎంత ఉందో చూడు. తునికాకు ముందే నీళ్లలో నానబెట్టుకుంటారు. రేకు ముక్క పెట్టి కత్తెరతో ఆకుని ఒకే సైజులో కత్తిరిస్తారు. ఒళ్లో చాట, చాటలో తంబాకు, దారం. ఆకులో చిటికెడు తంబాకు పోసి, వేళ్లతో చుట్టి, దారం కట్టి, కొసలు మడిచి పక్కన పడేస్తారు. కూలి వెయ్యి బీడీల లెక్కన. వెయ్యి పూర్తి కావాలంటే పొద్దంతా నడుము ఎత్తే పని లేదు, సాయంత్రానికి కూతురు కూడా వచ్చి కూర్చుంటే గానీ లెక్క తేలదు. ఆ అమ్మాయి రేపు బోటనీ రికార్డు సబ్మిట్ చెయ్యాలి. ఒక పక్క బీడీలు, ఒక పక్క వేరు అడ్డుకోత బొమ్మ. పెన్సిల్‌తో బొమ్మ గీస్తుంటే తెల్ల కాగితం మీద వేలి గోధుమరంగు పడింది. రబ్బరుతో రుద్దితే ఇంకా అలుక్కుపోయింది. తెల్లారి లెక్చరర్ ఆ పేజీ దగ్గర ఆగి ఆమె ముఖంలోకి చూస్తుంది. అడుగుతుందా, అడగదా? ఇది రాస్తే తల్లి కష్టం గురించి ఎవరి చేతా ఒక్క డైలాగు చెప్పించాల్సిన పని ఉండదు. నువ్వు రాసిన "అమ్మ చెమట చుక్కలే నా కలకి నీళ్లు" అన్న వాయిస్ ఓవర్ కూడా దానంతటదే పోతుంది.

ఆ అమ్మాయి తండ్రి దుబాయ్‌లో ఉన్నాడని రాశావు. జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్ పిల్లల కథలో అది ఉండాల్సిందే. కానీ నీ స్క్రిప్టులో ఆయన గోడ మీద ఫోటోలాగే ఉన్నాడు. ఆయన్ని ఫోన్‌లోకి తీసుకురా. అక్కడ మనకంటే గంటన్నర వెనక. ఆయన డ్యూటీ దిగి, క్యాంపులో వంట చేసుకుని, తిని రాత్రి తొమ్మిదింటికి వీడియో కాల్ చేస్తే ఇక్కడ పదిన్నర. తల్లి అలిసి పడుకుని ఉంటుంది, పుస్తకం ముందున్న కూతురే ఫోన్ ఎత్తుతుంది. అంటే ఆ ఇంట్లో తండ్రితో రోజూ మాట్లాడేది కూతురే. విసా కోసం తెచ్చిన అప్పు ఇంకా ఎంత మిగిలిందో తల్లి కంటే ముందు ఆమెకే తెలుస్తుంది. "మంచిగ సదువు బిడ్డా, డాక్టర్ కావాలె" అని ఆయన అన్నప్పుడల్లా ఆమె నోటికొచ్చిన మాట మింగేస్తుంది, వెనకాల పది మంది ఉన్న గదిలో నిలబడి ఆయన ఆ మాట అంటున్నాడు కాబట్టి. ఇక్కడ విలన్ ఎవరూ లేరు, ఒకరి మీద ఒకరికి ప్రేమే ఉంది, అయినా ఆ పిల్ల నోరు విప్పలేకపోతోంది. చిన్న ఊరి ఇళ్లలో అడ్డం పడేది చాలాసార్లు ఇదే.

విలన్ అంటే గుర్తొచ్చింది, కార్పొరేట్ కాలేజీ పీఆర్వోని నువ్వు మరీ దొంగలా రాశావు. పదో తరగతి పరీక్షలు కాకముందే ఇంటింటికీ తిరిగి "ఇప్పుడు సీటు బుక్ చేస్తే ఫీజు తగ్గిస్తం" అనే ఆ మనిషి ఎవరనుకున్నావు? అతనూ డిగ్రీ చేసి ఉద్యోగం దొరక్క ఆ పనిలో చేరినవాడే అయి ఉండొచ్చు. నెలకి ఇన్ని అడ్మిషన్లు తేవాలని టార్గెట్ ఉంటుంది. నీ ఐదుగురిలో ఒకడికి అతణ్ని అన్నని చెయ్. ఇంటికెళ్లి ఎదుటి తల్లిదండ్రుల్ని ఒప్పించేవాడు సొంత తమ్ముణ్ని ఎక్కడ చేర్పిస్తాడు? దీనికి జవాబు వెతుకుతూ రాయి, నీకే కొత్త సంగతులు తెలుస్తాయి.

బాక్సింగ్ అమ్మాయి గురించి ఎక్కువ చెప్పను. పక్క జిల్లా నిజామాబాద్ నుంచి వెళ్లిన నిఖత్ జరీన్ 2022లో ఇస్తాంబుల్‌లో వరల్డ్ ఛాంపియన్ అయింది కాబట్టి మీ ఊరి పిల్లకి ఆ ఆశ పుట్టడం సహజం, దానికి వేరే కారణం చెప్పక్కర్లేదు. తెల్లవారుజామున చీకట్లో రోడ్డు మీద ఆమె వెంట ఎవరు పరిగెడతారు, ఎవరూ లేకపోతే ఇంట్లో పంపిస్తారా, ఇది తేల్చు చాలు.

ఇక నాకు అన్నిటికంటే బాధ కలిగించింది ఆరో ఎపిసోడ్. ఎప్‌సెట్ (ఒకప్పటి ఎంసెట్) ర్యాంకు వచ్చింది, మాంటేజ్ పడింది, కాలేజీ గేటు కనిపించింది. మధ్యలో వెబ్ ఆప్షన్లు, అదే ఏ కాలేజీ, ఏ కోర్సు ముందు కావాలో ఆన్‌లైన్‌లో వరసగా పెట్టడం, ఏమయ్యాయి? చిన్న ఊళ్లో ఆ రెండు మూడు రోజులంత టెన్షన్ పరీక్ష రోజు కూడా ఉండదు. ఎప్‌సెట్‌లో మూడు గంటలు, 160 ప్రశ్నలు, తప్పు రాస్తే మార్కు పోదు. వెబ్ ఆప్షన్లలో తప్పు పెడితే మాత్రం నాలుగేళ్లు పోతాయి.

ఆ ఎపిసోడ్ మొత్తం నెట్ సెంటర్‌లో రాయి. నాలుగు సిస్టమ్‌లు, ఒక ప్రింటర్, బయట బెంచీ మీద తల్లిదండ్రులు. చేతుల్లో కుల ధ్రువీకరణ, ఆదాయ ధ్రువీకరణ, స్టడీ సర్టిఫికెట్లు పెట్టుకున్న ప్లాస్టిక్ కవర్లు. లోపల నెట్ సెంటర్ అన్న ఒక్కడే ఇంత మంది పిల్లల ఆప్షన్లు పెడుతున్నాడు. అతనికి ఎవరో ఒక కాలేజీవాళ్లు ఏదో ముట్టజెప్పారని ఊళ్లో అనుమానం, నిజమో కాదో తెలియదు. అతను మాత్రం రాత్రి పదకొండింటికి కూడా సెంటర్ మూయడం లేదు. నీ ట్రాక్టర్ డ్రైవర్ కొడుకు వంతు వచ్చింది. లాగిన్‌కి ఓటీపీ రావాలి. అప్లికేషన్ పెట్టినప్పుడు ఇంట్లో ఉన్న ఒక్క ఫోన్ నంబరే ఇచ్చారు, ఆ ఫోన్ తండ్రి జేబులో ఉంది, తండ్రి పొలంలో ట్రాక్టర్ మీద ఉన్నాడు. చప్పుడుకి రింగు వినపడదు. వినపడి ఎత్తినా మెసేజ్ చదవడం ఆయనకి రాదు, పక్కన ఎవరైనా చదివి పెట్టాలి, ఈలోపు టైమ్ అయిపోతే మళ్లీ ఓటీపీ. వెనక లైన్లో ఉన్నవాళ్లు "జల్ది కానీయ్ తమ్మీ" అంటుంటారు. ఇందులో నేను కల్పించిందేమీ లేదు, ఏ మండల కేంద్రంలో అడిగినా చెప్తారు. ఇది వదిలేసి మాంటేజ్ ఎలా వేశావయ్యా?

నీ కథలో అందరి కలలూ ఊరు దాటి వెళ్లేవే. ఒక్క పిల్లకైనా ఊరి పక్కనే కల పెట్టు. బైపీసీ అమ్మాయికి నిజంగా కావలసింది అగ్రికల్చర్ బీఎస్సీ అనుకుందాం. జగిత్యాల పక్కనే పొలాసలో వ్యవసాయ కాలేజీ ఉంది. తాత పసుపు వేస్తే దుంపకుళ్లు వచ్చి పోవడం ఆమె చిన్నప్పుడు చూసింది. తండ్రికి డాక్టర్ కావాలి, ఆమెకి ఆ దుంప ఎందుకు కుళ్లిందో తెలియాలి. ఆ కోర్సుకి రైతు కోటా ఉంటుంది, దానికి తల్లిదండ్రుల పేరు మీద భూమి చూపించాలి. పాసుపుస్తకం ఇంకా తాత పేరు మీదే ఉంటే? పెద్దనాన్న పంపకానికి ఒప్పుకోకపోతే? చూశావా, ఒక సర్టిఫికెట్ కోసం ఇంట్లో ఎన్నో ఏళ్లుగా ఎవరూ ఎత్తని గొడవంతా బయటికొస్తుంది. (నిబంధనలు మారుతుంటాయి, నీ కథ ఏ ఏడాది జరుగుతుందో ఆ ఏడాది నోటిఫికేషన్ దగ్గర పెట్టుకుని రాయి. ఆ ఊరి పిల్లలు చూసినప్పుడు ఒక్క తప్పు దొరికినా ఇక నిన్ను నమ్మరు.)

భాష గురించి ఒక మాట. ఇంట్లో పిల్లలు "బాపు" అంటున్నారు, బాగుంది. రెండు సీన్లు దాటగానే అదే పిల్ల "నాన్నా, నన్ను అర్థం చేసుకోండి" అంటోంది. కోపం వచ్చినప్పుడు, ఏడుపు వచ్చినప్పుడు మనిషి ఇంటి భాషలోకి వెళ్తాడు, నీ పిల్లలు సీరియల్ భాషలోకి వెళ్తున్నారు. "నేనేం జెయ్యాలె మరి, నువ్వే చెప్పు" అంటే చాలదూ?

ఏడో ఎపిసోడ్ చివర ఒక పిల్లాడు ఉరి వేసుకున్నట్టు రాసి, ఎనిమిదో దాంట్లో బతికినట్టు చూపించావు. దయచేసి అది తీసెయ్. 2019లో తెలంగాణ ఇంటర్ ఫలితాల్లో తప్పులు దొర్లినప్పుడు ఎన్ని ఇళ్లలో దీపం ఆరిపోయిందో మనం చూశాం. జాతీయ నేర గణాంకాల సంస్థ ఎన్‌సీఆర్‌బీ లెక్కల్లో 2022 ఒక్క ఏడాదిలోనే దేశంలో 13,044 మంది విద్యార్థులు ప్రాణాలు తీసుకున్నారు. నీ ఎపిసోడ్ చూసే పిల్లల్లో అదే ఆలోచనతో ఉన్నవాళ్లు ఉంటారు. వాళ్ల ముందు దాన్ని సస్పెన్స్‌గా వాడకూడదు. ఆ చీకటి గురించి రాయాలనిపిస్తే, తిండి తగ్గిన పిల్లాణ్ని కనిపెట్టి పక్కన కూర్చున్న రూమ్మేట్ గురించి రాయి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలి మానస్ నంబరు 14416 తెర మీద వెయ్యమని ప్రొడ్యూసర్‌ని ఇప్పుడే అడిగిపెట్టు.

ఫలితాల్ని ఆఖరికి దాచుకోకు. నాలుగో ఎపిసోడ్‌లోనే ఇంటర్ రిజల్ట్ ఇచ్చెయ్. ఒకడు ఫిజిక్స్ ఫెయిల్. మర్నాడు వాడు అన్నం తినడానికి వంటింట్లోకి ఎలా వస్తాడు, కట్టకూడదనుకున్న సప్లిమెంటరీ ఫీజు ఎవరు కట్టారు, పాసైన నలుగురూ వాడి ముందు ఏం మాట్లాడకుండా ఉంటారు, రెండో సగమంతా దీనితో నడుస్తుంది. చూసేవాళ్లకి ర్యాంకు మీద కంటే ఆ పిల్లాడి మీద ఆరాటం పుడుతుంది. అప్పుడు ఎప్‌సెట్, పాలిటెక్నిక్, దోస్త్ ఆన్‌లైన్ అడ్మిషన్లలో డిగ్రీ సీటు, దుబాయ్ ఏజెంటు, ఇవన్నీ వాడి ముందు నిజమైన దారులుగా నిలబడతాయి. ఇప్పుడు నీ స్క్రిప్టులో అవి ఓడిపోయినవాళ్లు వెళ్లే చోట్లలా ఉన్నాయి. అది అన్యాయం, ఆ దారుల్లో వెళ్లినవాళ్లే మన ఊళ్లలో ఎక్కువ.

డ్రాఫ్ట్ తిరగరాసే ముందు ఒక వారం జగిత్యాలలో ఉండు. నోట్స్ పట్టుకుని ఇంటర్వ్యూలు చెయ్యకు, పిల్లలు బిగుసుకుపోతారు. పొద్దున కాలేజీ టైమ్‌కి బస్టాండులో కూర్చో, సాయంత్రం జిరాక్స్ షాపు దగ్గర నిలబడు. బీడీలు చేసే ఇంట్లో కూర్చోనిస్తే ఒక కట్ట నువ్వూ చుట్టి చూడు.

వచ్చాక ముందు నెట్ సెంటర్ ఎపిసోడ్ పంపు. డైలాగులు వద్దు, సీన్ ఆర్డర్ చాలు. తండ్రి ఫోన్ ఎత్తే వరకు నడిపించి అక్కడ ఆపు, మిగతాది ఇద్దరం మాట్లాడుకుందాం.

ఉంటాను,
నీ అక్క