నీ కథలో పటం గీసే ముద్ర గురించి

అమ్మాయ్,

నువ్వు పంపిన మూడు అధ్యాయాలూ ఒక్క బిగిన చదివేశాను. కథ సంగతి తర్వాత మాట్లాడుకుందాం, ముందు ఆ ముద్ర సంగతి తేల్చు. ముసలాయన తోలు మీద ముద్ర వేసి మంత్రం చదవగానే ఊళ్లూ ఏళ్లూ కొండలతో సహా రాజ్యమంతా దానంతట అదే తేలిపోతుందన్నావు. చదవడానికి బాగానే ఉంది కానీ నీ కథ అక్కడితోనే అయిపోయింది కదా? అన్నీ అందులోనే కనిపిస్తుంటే ఇక దారి తప్పేదెవరు? అసలు ఆ ముసలాయనతో పనేముంది, ముద్ర ఎవరు వేసినా ఒకటేగా?

ఇన్నేళ్లు పటాలు గీసి బతికినవాణ్ణి కాబట్టి నా మాట విను. ముద్రకి ఒక్క పనే అప్పజెప్పు. అదీ పటం గీసేవాడికి నిజంగా చేతకాని పని అయ్యుండాలి. ఊళ్లు గుర్తించడం, ఏరు గీయడం, ఇవన్నీ ఓపికుంటే మనిషే చేసుకుంటాడు. చేతకానిది ఏంటంటే గుండ్రటి నేలని చదును కాగితం మీద పరచడం. ఏ మొనగాడూ అన్నీ సరిగ్గా ఉండేలా పరచలేడు, అది లెక్కల్లోనే కుదరదు. 1569లో మెర్కేటర్ అనే పటాలు గీసే ఆయన ఏం చేశాడో చూడు, ఓడ ఒకే దిక్కు పట్టుకుని పోతే ఆ దారి పటం మీద సరళరేఖగా కనిపించేలా గీశాడు, నావికులకి అంతకంటే ఏం కావాలి. కానీ ధ్రువాల వైపు వెళ్లేకొద్దీ నేల ఉబ్బిపోతుంది. ఆ పటంలో గ్రీన్‌లాండ్ దాదాపు ఆఫ్రికా అంత కనిపిస్తుంది, నిజానికి ఆఫ్రికా దానికి 14 రెట్లు పెద్దది. దిక్కు దక్కించుకోవడానికి సైజు వదులుకున్నాడన్నమాట.

నీ ముద్రకీ ఇలాంటి బేరమే పెట్టు. వేసినవాడి రక్తం చిందాలి, ఆయుష్షు తగ్గాలి లాంటివి వద్దు, అవి అందరూ రాసేశారు, నాకైతే విసుగొచ్చేసింది. ముద్ర ఉన్న పటంలో దిక్కులు ఎప్పుడూ నిజం, దూరాలు మాత్రం నమ్మడానికి లేదు, ఆ సంగతి గీసినవాడికీ శిష్యుడికీ తప్ప ఎవరికీ తెలీదు అనుకో. నీ నాలుగో అధ్యాయంలో సేనాపతి పటం దొంగిలిస్తాడు చూడు, వాడు రెండు రోజుల దారి అనుకుని రెండు రోజుల తిండే మూటగట్టుకుని బయల్దేరతాడు. ఇక నువ్వేం కష్టపడక్కర్లేదు, కథ దానంతట అదే నడుస్తుంది.

ఇక ముద్ర ఆకారం. నువ్వు గీసి పంపిన బొమ్మలో పాములూ కళ్లూ త్రికోణాలూ అన్నీ ఉన్నాయి, అదేదో తాయెత్తులా ఉంది తప్ప పటం మీది గుర్తులా లేదు. పటం మీద గుర్తు గోరంత చోటులో పట్టాలి, వణికే చేత్తో వేసినా తెలియాలి. ఒకసారి నేను ట్రేసింగ్ కాగితం మీద బావులకి బుల్లి సున్నాలు వేశాను, పెన్ను కాస్త లావుది, ఆరేలోగా సిరా లోపలికి పాకి సున్నాలన్నీ చుక్కలైపోయాయి. ఆ పటంలో చుక్కంటే గుడిసె. బావులన్నీ గుడిసెలయ్యాయి, షీటంతా మళ్లీ గీశాను, చీవాట్లు సరేసరి. అందుకే మూసుకుపోయే చిన్న చిన్న ఖాళీలు పెట్టొద్దంటున్నా. ఒకవేళ పెడితే మాత్రం దాన్ని కథకి వాడుకో, శిష్యుడి సిరా పాకి ముద్ర మారిపోయిందనుకో, అప్పుడేం జరుగుతుంది?

పాతవాళ్ల గుర్తులు ఓసారి చూడు. 1375 నాటి కాటలాన్ అట్లాస్ అనే పాత పటాల సంపుటిలోనే దిక్కుల చక్రం కనిపిస్తుంది. తర్వాత్తర్వాత ఉత్తరానికి లిల్లీ పువ్వు, తూర్పుకి శిలువ వేసేవాళ్లు, క్రైస్తవుల పవిత్రభూమి జెరూసలేం వాళ్లకి అటువైపు కాబట్టి. అంటే గుర్తులో ఆ మనుషులు దేన్ని మొక్కుతారో కూడా ఉంటుంది. నీ రాజ్యం వాళ్లు దేన్ని మొక్కుతారో నాకింకా తెలీలేదు. ఆ కాలపు నావికుల పటాల్లో రేవుల పేర్లు తీరం గీతకి అడ్డంగా, నేల వైపుకి రాసేవాళ్లు, చదవాలంటే తోలుని చేతుల్లో తిప్పుకుంటూ పోవాలి. మీ ముసలాయన చేత కూడా అలా ఓసారి తిప్పించు, మంత్రం చదివించడం కన్నా అదే బాగుంటుంది.

అన్నట్టు ఆ పేరొకటి, సర్వభూమండలసందర్శినీ మహాముద్ర! రోజూ ఆ పని చేసేవాడెవడూ అంత పేరు పలకడమ్మా. రాజుగారి ముందు అలా అంటారేమో గానీ వాళ్లలో వాళ్లు 'పువ్వు వేశావా' అనో 'కొక్కెం ఎండిందా' అనో అనుకుంటారు.

ఇప్పుడు చేయాల్సింది ఒకటే, కంప్యూటర్ కట్టేసి లావుపాటి పెన్నుతో ఆ ముద్రని యాభైసార్లు గీయి. నలభయ్యోసారికి నీ చెయ్యే అక్కర్లేని గీతలు ఎగ్గొట్టేస్తుంది. మిగిలినదాన్ని ఫోటో తీసి నాకు పంపు, నాలుగో అధ్యాయం దాని తర్వాతే.

మీ మావయ్య