మీ ప్రశ్న – మా జవాబు: నోటు వెనక ఎవరు?

ప్రశ్న: మా తాత సందూకలో నిజాం కాలపు వెండి రూపాయి దొరికింది. ఏడు హాలీ రూపాయలిస్తే ఆరు కల్దార్లు వచ్చేవని ఇంట్లో చెప్తరు. ఆ లెక్క ఎక్కడిది? ఈ నాణెం ఇప్పుడు బ్యాంకులో మారుతదా? – ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: ఆ లెక్క వెండిలోంచి వచ్చిందే. హాలీ సిక్కా అంటే నిజాం రూపాయి, దాని బరువు సుమారు 11.18 గ్రాములు. అందులో వెండి నూటికి 81.8 పాళ్లు, అంటే అసలు వెండి 9.14 గ్రాములు. ఇంగ్లీషు సర్కారు కల్దార్ 11.66 గ్రాములు, వెండి 91.7 పాళ్లు, అసలు వెండి 10.69 గ్రాములు. ఏడు హాలీలు కరిగించినా ఆరు కల్దార్లు కరిగించినా చేతికి వచ్చేది దాదాపు 64 గ్రాములే. 100 కల్దార్లకు 116 రూపాయల 10 అణాల 8 పైలు హాలీ అని పాత పద్దుల్లో కనిపించేది ఈ నిష్పత్తే. బజారులో మాత్రం గిరాకీని బట్టి అటూఇటూ అయ్యేది. మారకంలో కోసుకునే తరుగును బట్టా అనేవారు.

మొదటి ప్రపంచ యుద్ధంలో వెండికి కరువొచ్చాక, 1918లో హైదరాబాద్ రాజ్యం కాగితపు నోట్లకు చట్టం చేసింది. 1942లో పని మొదలుపెట్టిన హైదరాబాద్ స్టేట్ బ్యాంకు ఈ ద్రవ్యం బాగోగులు చూసేది. హాలీ చెలామణి 1959లో పూర్తిగా రద్దయింది కాబట్టి ఏ బ్యాంకూ మార్చదు. వెండి విలువ, లేదంటే నాణేలు సేకరించేవాళ్లు ఇచ్చే ధర, అంతే. చింతపండు పెట్టి తోమకండి, తోమిన నాణేనికి సేకర్తల దగ్గర ధర పడిపోతుంది.

ప్రశ్న: ఒకప్పుడు కొన్ని దేశాల్లో ఏ బ్యాంకుకు ఆ బ్యాంకే నోట్లు వేసుకునేదట. మరి ఇష్టమొచ్చినట్టు అచ్చేసుకోరా? – డిగ్రీ విద్యార్థిని, జనగామ

జవాబు: అచ్చేయడానికి ఆశ ఉంటుంది, అడ్డుకునేది పక్క బ్యాంకు. వరంగల్‌లో రెండు బ్యాంకులు సొంత నోట్లు నడుపుతున్నాయనుకోండి. మొదటి బ్యాంకు లక్ష రూపాయల కొత్త నోట్లు వేసి ఒక పత్తి వ్యాపారికి అప్పిచ్చింది. ఆయన రైతులకు చెల్లించాడు. అందులో సగం సొమ్ము రెండో బ్యాంకులో జమ అయింది. రెండో బ్యాంకు ఆ నోట్లు బీరువాలో పెట్టుకోదు, పెట్టుకుంటే పోటీదారుకు వడ్డీలేని అప్పిచ్చినట్టు. లెక్క తేల్చుకునే రోజున కట్టలు కట్టి పంపుతుంది. తన నోట్లు అవతల ఉంటే వాటికి వీటికి చెల్లు. మిగిలిన తేడాకు వెండి గానీ బంగారం గానీ అడుగుతుంది. నిల్వ 20 వేలే ఉంటే మొదటి బ్యాంకు పని అక్కడితో అయిపోయింది.

స్కాట్లండ్‌లో 1716 నుంచి 1845 దాకా ఇంచుమించు ఇలాగే నడిచింది. అక్కడ దెబ్బతిన్న పెద్ద బ్యాంకు ఎయిర్ బ్యాంకు. 1769లో తెరిచింది, 1772లో చేతులెత్తేసింది. నోట్లు తిరిగొస్తుంటే చెల్లించలేక లండన్ మీద హుండీలు, అంటే గడువుకు సొమ్ము చెల్లించే పత్రాలు, రాసింది, ఆ హుండీ గడువుకు ఇంకో హుండీ. ప్రతిసారీ వడ్డీ, కమీషన్ పెరిగాయి. కానీ యజమానుల బాధ్యతకు హద్దు లేదు కనుక వాళ్ల భూములు అమ్ముడుపోయాయి, నోట్లున్నవాళ్లకు సొమ్ము ముట్టింది.

అమెరికాలోని మిచిగన్ కథ వేరు. ఎవరైనా బ్యాంకు పెట్టుకోవచ్చన్న 1837 చట్టంతో అడవి దారుల్లో, మనిషి వెళ్లలేని చోట్ల బ్యాంకులు తెరిచారు. నోటు తీసుకుని ఎవరూ రాకూడదనే ఆ చోట్లు ఎంచుకున్నారు. తనిఖీ అధికారి కన్నా ముందే ఒకే నాణేల పెట్టెను బ్యాంకు నుంచి బ్యాంకుకు తరలించేవారు. కొన్ని పెట్టెల్లో పైన నాణేలు, కింద మేకులు. దీన్ని బ్యాంకులకు నోట్ల స్వేచ్ఛ ఇవ్వడం తెచ్చిన నష్టమని పుస్తకాల్లో రాస్తుంటారు. మా ఉద్దేశంలో, నోటు తీసుకెళ్తే సొమ్ము ఇవ్వాల్సిందే అన్న నియమం ఎక్కడ సడలిందో అక్కడే జనం మునిగారు. అలాగని కేంద్ర బ్యాంకు అక్కర్లేదని కాదు. గట్టి బ్యాంకు మీద కూడా పుకారు పుడితే ఖాతాదారులంతా ఒకేరోజు వరుస కడతారు. ఆ రోజున మంచి పూచీ మీద అప్పిచ్చి నిలబెట్టేవారు ఒకరుండాలి. మన దేశంలో ఆ పని 1935 ఏప్రిల్ 1 నుంచి రిజర్వు బ్యాంకుది.

ప్రశ్న: 500 నోటు వెనక అంత బంగారం ఉంటుందా? – పెద్దపల్లి

జవాబు: ఉండదు. 1957 నుంచి చట్టం అడిగే కనీస నిల్వ 200 కోట్లు, అందులో బంగారం 115 కోట్లు. మిగతాదంతా ఎక్కువగా ప్రభుత్వ బాండ్లు, విదేశీ ఆస్తులు. నోటు మీది హామీకి అర్థం, అంత విలువకు వేరే నోట్లో నాణేలో ఇస్తారని. రూపాయి నోటు మీద గవర్నర్ సంతకం ఉండదు, ఆర్థిక శాఖ కార్యదర్శిది ఉంటుంది. అది నేరుగా కేంద్ర ప్రభుత్వ ద్రవ్యం.

ప్రశ్న: ఎనుమాముల మార్కెట్లో మిర్చి అమ్మితే తక్‌పట్టీ ఇచ్చారు. దాన్ని చూపిస్తే ఎరువుల దుకాణంలో అరువిస్తున్నరు. ఇదీ నోటేనా? డబ్బు వచ్చినంక ఊళ్లో పొదుపు సంఘంలో వేస్తే ఫికరు లేదా? – రైతు, నర్సంపేట

జవాబు: తక్‌పట్టీ నోటు కాదు. మీ సరుకు, బస్తాల లెక్క, తూకం, ధర, కోతలు, మీకు రావలసింది రాసిన చీటీ. అది చూసి దుకాణదారు మిమ్మల్ని నమ్ముతున్నాడు, అంతే. కోరగానే చెల్లిస్తామంటూ ఎవరి చేతిలో ఉంటే వారికే చెల్లే పత్రాన్ని రిజర్వు బ్యాంకు, కేంద్ర ప్రభుత్వం తప్ప ఇంకెవరూ జారీ చేయకూడదని రిజర్వు బ్యాంకు చట్టం 31వ సెక్షన్ చెప్తుంది. సొమ్ము చేతికందేదాకా అసలు చీటీ ఎవరికీ ఇవ్వకండి, నకలు ఇవ్వండి. రాసిన బరువు, మీ కళ్లముందు కాంటా చూపిన బరువు ఒకటేనా అని అక్కడే చూసుకోండి.

బ్యాంకులో వేసిన సొమ్ముకు 2020 ఫిబ్రవరి 4 నుంచి, అసలూ వడ్డీ కలిపి, ఒక్కొక్కరికి ఒక్కో బ్యాంకులో 5 లక్షల దాకా బీమా ఉంది. వరంగల్ శాఖలో 4 లక్షలు, నర్సంపేట శాఖలో 3 లక్షలు అదే బ్యాంకులో ఉంటే రెండూ కలిపి 7 లక్షలుగా లెక్కిస్తారు, బీమా 5 లక్షలకే. వేర్వేరు బ్యాంకుల్లో ఉంటే దేనికదే. ఊరి పొదుపు సంఘాలు, ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాలు ఈ బీమా కిందికి రావు. అక్కడ వేసే ముందు సంఘం ఆడిట్ రిపోర్టు అడిగి, వసూలు కాని అప్పులు ఎంతున్నాయో చదవండి. సభ్యులుగా అది అడిగే హక్కు మీకుంది.