అమ్మాయి మందుకు బీమా నిరాకరించారు, ఏం చేయాలి?

ప్రశ్న: మేము టెక్సస్‌లోని ఫ్రిస్కోలో ఉంటున్నాం. నేను హెచ్‌-1బి వీసా మీద ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో పనిచేస్తున్నాను. మా అమ్మాయికి పదిహేనేళ్లు. క్లాసులో కూర్చున్నచోటే నిద్రలోకి జారిపోతోంది. స్నేహితులతో నవ్వుతూ ఉండగానే మోకాళ్లు పట్టు తప్పి కూలబడిపోతోంది. నిద్ర పరీక్షలు చేసి నార్కోలెప్సీ, దానితో పాటు కేటాప్లెక్సీ ఉన్నాయని తేల్చారు. డాక్టరు సోడియం ఆక్సిబేట్ రాశారు. బీమా లేకపోతే నెలకు పది వేల డాలర్లు దాటుతుందని ఫార్మసీవాళ్లు చెప్పారు. ఆఫీసు బీమావాళ్లేమో ముందు మోడాఫినిల్ వాడాలని, అది పనిచేయకపోతేనే ఈ మందు సంగతి చూస్తామని తిరస్కరించారు. అప్పీలు చేస్తే ఫలితం ఉంటుందా? గొడవ పెట్టుకుంటే నా ఉద్యోగానికి, వీసాకు ఇబ్బందా? మోడాఫినిల్ హైదరాబాద్‌లో చవకగా దొరుకుతుంది కాబట్టి తెప్పించి కొన్నాళ్లు వాడి చూపిస్తే సరిపోతుందని బంధువులు అంటున్నారు. నిజమేనా?
– ఒక తండ్రి

జవాబు: అప్పీలు తప్పకుండా చేయండి. మీరు రాసిన వివరాలను బట్టి మీ పక్షాన గట్టి బలం ఉంది. కానీ బీమా వెబ్‌సైటులో ఆవేశంగా నాలుగు వాక్యాలు రాసి పంపేయకండి. ఉద్యోగం ద్వారా వచ్చే ఆరోగ్య బీమాకు 1974 నాటి ఎరిసా అనే ఫెడరల్ చట్టం వర్తిస్తుంది. తిరస్కరణ లేఖ అందినప్పటి నుంచి అప్పీలుకు కనీసం 180 రోజుల గడువు ఇవ్వాలని దాని నిబంధనలు చెబుతున్నాయి. బిడ్డ రోజూ పడిపోతుంటే అన్నాళ్లు ఆగమని నేను అనను. అయితే కాగితాలు సమకూర్చుకోవడానికి రెండు మూడు వారాలు వెచ్చించడం మీ అమ్మాయికే మేలు.

ఎందుకు ఇంత గట్టిగా చెబుతున్నానంటే, ఎరిసా కేసు రేపు కోర్టుకు వెళ్లినా న్యాయమూర్తి సాధారణంగా కొత్త సాక్ష్యం తీసుకోరు. జ్యూరీ ఉండదు, మీ డాక్టరును బోనులో నిలబెట్టి చెప్పించే అవకాశమూ దాదాపు ఉండదు. అప్పీలు ముగిసేనాటికి ఫైలులో ఏ కాగితాలు ఉన్నాయో అవే చూస్తారు. నిర్ణయించే విచక్షణ నిర్వాహకులదేనని ప్లాన్ పత్రంలో రాసి ఉంటే, వారి నిర్ణయం సరైనదా అని కూడా కాదు, మరీ అసమంజసంగా ఉందా అని మాత్రమే పరిశీలిస్తారు. కాబట్టి న్యాయమూర్తికి ఏం చెప్పాలనుకుంటారో అదంతా ఇప్పుడే, అప్పీలులోనే చెప్పేయాలి.

మీ రాష్ట్రం నుంచే వెళ్లిన ఒక కేసు చెబుతాను. ఏట్నా హెల్త్ వర్సెస్ డావిలా, అమెరికా సుప్రీంకోర్టు, 2004. డావిలా అనే ఉద్యోగికి కీళ్ల నొప్పులకు డాక్టరు వయాక్స్ అనే మందు రాశారు. బీమా కంపెనీ డబ్బు చెల్లించనంది. ఆయన అప్పీలు చేయలేదు. సొంత డబ్బుతో కొని తరువాత అడగనూ లేదు. బదులుగా నాప్రోసిన్ అనే మరో నొప్పి మందు వాడారు. అది తీవ్రంగా వికటించి ఆస్పత్రి పాలయ్యానని టెక్సస్ చట్టం కింద నష్టపరిహారానికి దావా వేశారు. ఎరిసా ఉండగా రాష్ట్ర చట్టం కింద అలాంటి దావా చెల్లదని సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా తీర్పు చెప్పింది. దాని అర్థం ఏమిటంటే, మందు నిరాకరించినందువల్ల మీ అమ్మాయికి ఎంత హాని జరిగినా కోర్టులో మీకు దక్కేది ఆ మందు ఖర్చు, న్యాయమూర్తి ఇష్టపడితే లాయరు ఫీజు. పడిన బాధకు పరిహారం రాదు. ఈ చట్టం ఇలా ఉండటం అన్యాయమని నా అభిప్రాయం. కానీ ఉన్నది ఇదే. అందుకే హాని జరిగాక పోరాడటం కాదు, జరగకముందే మందు సాధించుకోవాలి.

ఇప్పుడు మొదటి పని. మీ బీమా కార్డు తీసి చూడండి. టీడీఐ లేదా డీఓఐ అనే అక్షరాలు ఉంటే అది టెక్సస్ బీమా శాఖ నియంత్రణలో ఉన్న ప్లాన్. అవి లేకపోతే, మీ కంపెనీయే తన సొంత సొమ్ముతో నడుపుతున్న ‘సెల్ఫ్ ఫండెడ్’ ప్లాన్ అయి ఉండవచ్చు. కార్డు మీద పేరున్న బీమా సంస్థ అప్పుడు కేవలం లెక్కలు చూసే నిర్వాహకురాలు. పెద్ద సాఫ్ట్‌వేర్ కంపెనీలలో తరచూ ఉండేది ఇదే. హెచ్‌ఆర్‌ను అడిగినా చెబుతారు.

రాష్ట్ర నియంత్రణలోని ప్లాన్ అయితే మీకు తేలిక దారి ఉంది. ముందు చవక మందు వాడాలనే షరతును ‘స్టెప్ థెరపీ’ అంటారు. దానికి మినహాయింపులు కల్పిస్తూ టెక్సస్ 2017లో చట్టం చేసింది. ఆ మొదటి మందు రోగికి హాని చేసేదైనా, పనిచేయదని ముందే తెలిసినా డాక్టరు మినహాయింపు కోరవచ్చు. 72 గంటల్లో కాదనకపోతే ఇచ్చినట్టే లెక్క. సెల్ఫ్ ఫండెడ్ ప్లాన్‌కు ఈ రాష్ట్ర చట్టం వర్తించదు. మీది అదే అనుకుని మిగతాది చెబుతాను. సగటు ఉద్యోగికి ఎక్కువ చిక్కు అక్కడే.

రెండో పని, ఫైలు అడగడం. ‘నా క్లెయిముకు సంబంధించిన పత్రాలన్నీ, ఈ నిర్ణయానికి ఆధారమైన వైద్య మార్గదర్శకం, సంప్రదించిన వైద్య నిపుణుల వివరాలు ఉచితంగా పంపండి’ అని లిఖితపూర్వకంగా కోరండి. ఇది మీ హక్కు. ప్లాన్ పూర్తి పత్రాన్ని కంపెనీ ప్లాన్ అడ్మినిస్ట్రేటర్‌ను విడిగా అడగండి. అడిగిన 30 రోజుల్లో ఇవ్వకపోతే రోజుకు 110 డాలర్ల దాకా జరిమానా వేసే అధికారం కోర్టుకు ఉంది. ఆ పత్రాలన్నీ వచ్చాక మందు మీద వాళ్లు పెట్టుకున్న షరతులను అక్షరం అక్షరం చదవండి. తిరస్కరణ లేఖలో ఒక వాక్యమే ఉంటుంది. అసలు కారణం మార్గదర్శకంలో ఉంటుంది. కొన్నిసార్లు నిద్ర పరీక్ష రిపోర్టు జత చేయకపోవడమే కారణమని తేలుతుంది.

అన్నిటికన్నా ముఖ్యమైనది డాక్టరు లేఖ. ‘ఈ రోగికి ఈ మందు అవసరం’ అనే మూడు వరుసల లేఖ వల్ల ప్రయోజనం లేదు. చికిత్స చేసే డాక్టరు అభిప్రాయానికి ప్రత్యేక విలువ ఇవ్వాల్సిన పని లేదని సుప్రీంకోర్టు 2003లోనే చెప్పింది. నమ్మదగిన సాక్ష్యాన్ని అకారణంగా తోసిపుచ్చకూడదని కూడా అదే తీర్పులో చెప్పింది. అందువల్ల లేఖలో అభిప్రాయం కన్నా సాక్ష్యం ఎక్కువ ఉండాలి.

మొదట రోగ నిర్ధారణ. రాత్రి నిద్రను గమనిస్తూ చేసిన పాలీసోమ్నోగ్రఫీ, మర్నాడు పగలు ఎంత త్వరగా నిద్ర పడుతుందో కొలిచిన ఎంఎస్‌ఎల్‌టీ పరీక్ష, రెండు రిపోర్టులూ పూర్తిగా జత చేయించండి. పగటి పరీక్షలో సగటున ఎనిమిది నిమిషాలు, అంతకన్నా తక్కువ సమయంలో నిద్ర పట్టిందని, రెండు లేదా అంతకుమించి సార్లు నిద్రపట్టగానే కలల దశ వచ్చిందని అంకెలతో లేఖలో రాయాలి. నిర్ధారణకు కొలమానాలు అవే.

తరువాత అసలు వాదన. దీని మీద మీ డాక్టరు మనసు పెట్టి రాయాలి. మోడాఫినిల్‌కు అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ ఇచ్చిన ఆమోదం పెద్దవాళ్లకు మాత్రమే. పిల్లలకు ఏ జబ్బుకూ ఆమోదం లేదని, ప్రాణం మీదికి తెచ్చే చర్మ ప్రతిచర్యలు రావచ్చని ఆ మందు లేబుల్‌లోనే ఉంది. అదే కోవకు చెందిన ఆర్మోడాఫినిల్ సంగతీ అంతే. పైగా ఇవి మెలకువగా ఉంచే మందులు. నవ్వినప్పుడు కండరాలు సడలి పడిపోవడమనే కేటాప్లెక్సీకి వీటికి ఆమోదం లేదు. సోడియం ఆక్సిబేట్‌కు కేటాప్లెక్సీ విషయంలో 2002లోనే ఆమోదం వచ్చింది. 2018లో ఏడేళ్లు, ఆపై వయసు పిల్లలకు దాన్ని విస్తరించారు. అంటే మీ ప్లాన్ చేస్తున్నది ఏమిటో చూడండి. ఆమోదం ఉన్న మందును పక్కన పెట్టి, పదిహేనేళ్ల బిడ్డకు ఆమోదమే లేని మందును, అదీ ఆమె ప్రధాన లక్షణానికి పనికిరాని మందును ముందు వాడమంటోంది. ఈ వాక్యాన్ని దాదాపు ఇలాగే మీ అప్పీలులో రాయండి, రెండు మందుల లేబుల్ కాపీలు జత చేయండి. పెద్దల కోసం రాసుకున్న షరతును వయసు చూడకుండా మీ అమ్మాయికి అంటగట్టి ఉంటారని నా అనుమానం.

ఇంకా, అమ్మాయి ఎప్పుడెప్పుడు ఎక్కడ పడిందో తేదీలతో రాసిన డైరీ, టీచర్ల లేఖలు, దెబ్బ తగిలి ఆస్పత్రికి వెళ్లి ఉంటే ఆ కాగితాలు చేర్చండి. స్కూలులో 504 ప్లాన్ కింద, అంటే ఆరోగ్య సమస్య ఉన్న విద్యార్థులకు ఇచ్చే ప్రత్యేక సదుపాయాలు కోరి ఉంటే ఆ పత్రమూ పనికొస్తుంది. కోరకపోతే ఇప్పుడు కోరండి. చదువు దెబ్బతినకుండా అది ఎలాగూ కావాలి.

గడువుల సంగతి. మందు ఇంకా తీసుకోలేదు కాబట్టి అప్పీలు మీద 30 రోజుల్లో నిర్ణయం చెప్పాలి. ప్లాన్‌లో రెండంచెల అప్పీలు ఉంటే ఒక్కో అంచెకు 15 రోజులు. జాప్యం వల్ల ఆరోగ్యానికి తీవ్ర ప్రమాదమని, ఇది అత్యవసరమని మీ డాక్టరు చెబితే ప్లాన్ దాన్ని అత్యవసరంగానే తీసుకోవాలి, 72 గంటల్లో తేల్చాలి. మెట్ల మీద, రోడ్డు మీద కూలబడిపోతున్న పిల్ల విషయంలో ఆ మాట రాయమని డాక్టరును అడగడానికి మొహమాటపడకండి. మొదట తిరస్కరించినవారు గానీ, వారి కింది ఉద్యోగి గానీ అప్పీలును పరిశీలించకూడదు. సంబంధిత వైద్య రంగంలో తగిన శిక్షణ ఉన్న నిపుణుణ్ని సంప్రదించాలి. నిద్ర వైద్యంతో గానీ, నరాల వైద్యంతో గానీ సంబంధం లేనివారు చూశారని తేలితే అది మీకు మరో ఆయుధం.

అప్పీలులోనూ కాదంటే బయటి సమీక్ష ఉంది. 2010 నాటి ఆరోగ్య సంస్కరణల చట్టం తెచ్చిన గొప్ప మేలు ఇది. తుది తిరస్కరణ అందిన నాలుగు నెలల్లోగా కోరితే, ప్లాన్‌తో సంబంధం లేని స్వతంత్ర సంస్థ మీ ఫైలును కొత్తగా చూస్తుంది. 45 రోజుల్లో, అత్యవసరమైతే 72 గంటల్లో నిర్ణయం చెబుతుంది. ఆ నిర్ణయానికి ప్లాన్ కట్టుబడాలి. ఒక్క జాగ్రత్త. వైద్య విచక్షణకు సంబంధించిన వివాదాలే అక్కడికి వెళతాయి. అందుకే అప్పీలులో ‘మందు ఖరీదు ఎక్కువ, భరించలేం’ అని రాయకండి. వైద్యపరంగా ఏది తగినదన్నదే వివాదమని స్పష్టంగా ఉండాలి. ఇంతవరకూ లాయరు లేకుండానే చేసుకోవచ్చు. సందేహం వస్తే ఫెడరల్ కార్మిక శాఖ సలహాదారులు 1-866-444-3272 నంబరులో ఉచితంగా మాట్లాడతారు. కోర్టు మెట్టు ఎక్కే పరిస్థితి వస్తే మాత్రం ఆలస్యం చేయకుండా ఎరిసా కేసులు చేసే న్యాయవాదిని కలవండి. దావా గడువు ప్లాన్ పత్రంలోనే కుదించి ఉండవచ్చు, అది చెల్లుతుందని 2013లో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇక మీ భయం. మన వాళ్లలో ఎంతో మంది ఈ భయంతోనే హక్కును వదులుకుంటున్నారు. ఎరిసా 510వ సెక్షన్ ప్రకారం, ప్రయోజనం కోరినందుకు ఉద్యోగిని తొలగించడం గానీ వేధించడం గానీ చట్టవిరుద్ధం. బీమా అప్పీలుకు హెచ్‌-1బి అనుమతితో ఏ సంబంధమూ లేదు. నిజానికి సెల్ఫ్ ఫండెడ్ ప్లాన్‌లో హెచ్‌ఆర్ మీకు ప్రత్యర్థి కానక్కరలేదు. డబ్బు వాళ్లదే కాబట్టి, ఈ కేసును మళ్లీ చూడమని నిర్వాహక సంస్థకు చెప్పే స్థానంలో వాళ్లు ఉంటారు. బెనిఫిట్స్ విభాగంతో మర్యాదగా, లిఖితపూర్వకంగా మాట్లాడండి. ఉద్యోగం మారాల్సి వస్తే, పాత కంపెనీలో 20 మంది, అంతకు మించి ఉద్యోగులుంటే కోబ్రా అనే ఫెడరల్ చట్టం కింద సాధారణంగా 18 నెలలు అదే బీమా కొనసాగించుకోవచ్చు. ఎంచుకోవడానికి 60 రోజుల గడువు ఉంటుంది.

హైదరాబాద్ నుంచి తెప్పించే ఆలోచన మాత్రం పూర్తిగా మానుకోండి. మోడాఫినిల్ అమెరికాలో నియంత్రిత మందుల జాబితాలో నాలుగో షెడ్యూల్‌లో ఉంది. కొరియర్‌లో, పోస్టులో వ్యక్తులు తెప్పించుకోవడం నేరం. నియంత్రిత మందుల చట్టాన్ని ఉల్లంఘించారన్న ముద్ర పడితే మీ వీసాకు నిజమైన ప్రమాదం అక్కడి నుంచే వస్తుంది. పైగా డాక్టరు పర్యవేక్షణ లేకుండా పిల్లకు వాడితే అది ప్లాన్ దృష్టిలో సాక్ష్యం కాదు. చర్మం మీద దద్దుర్లతో మొదలై ప్రాణం మీదికి వస్తే ఎవరు బాధ్యులు? బంధువులు ప్రేమతోనే చెబుతున్నారు. అయినా వద్దని చెప్పండి.

అప్పీలు నడుస్తున్నప్పుడే చేయాల్సిన పనులు రెండున్నాయి. సోడియం ఆక్సిబేట్ వీధి చివరి ఫార్మసీలో దొరకదు. ఎఫ్‌డీఏ విధించిన భద్రతా కార్యక్రమంలో డాక్టరు, రోగి ఇద్దరూ పేరు నమోదు చేసుకోవాలి. ధ్రువీకరణ పొందిన ఫార్మసీ నుంచే ఇంటికి వస్తుంది. ఆ నమోదు ఇప్పుడే చేయించండి, ఆమోదం వచ్చాక మళ్లీ వారాలు పోకుండా. అలాగే తయారీ సంస్థలు ఉద్యోగ బీమా ఉన్నవారికి కోపే (రోగి చెల్లించాల్సిన వాటా) సాయం, బీమా తేలేలోగా కొంత మందు ఇచ్చే పథకాలు నడుపుతుంటాయి. డాక్టరు ఆఫీసులో అడిగి దరఖాస్తు పెట్టండి. 2023 నుంచి ఈ మందుకు జెనరిక్ కూడా అందుబాటులో ఉంది. ప్లాన్ దానికి ఒప్పుకుంటే, డాక్టరుకు అభ్యంతరం లేకపోతే తీసుకోండి. గుండె, రక్తపోటు కారణంగా ఉప్పు తగ్గించాల్సిన రోగులకు మాత్రమే ఉప్పు తక్కువ ఉన్న రకం కోసం పట్టుబట్టాలి.

ఆమోదం లేఖ వచ్చాక దానిలో ముగింపు తేదీ చూడండి. సాధారణంగా కొంత కాలానికే ఇస్తారు. ఆ తేదీకి రెండు నెలల ముందే డాక్టరు అపాయింట్‌మెంట్ తీసుకుని, మందు మొదలుపెట్టాక పడిపోవడం ఎంత తగ్గిందో రికార్డులో రాయించండి. డైరీ ఆపకండి. పునరుద్ధరణకు వాళ్లు అడిగేది అదే.