నామినీ మీ అత్తగారైనా పెన్షన్ నీకే

అమ్మాయీ,

అల్లుడు పోయాక బ్యాంకు నుంచి నీకు రావాల్సిన ఫ్యామిలీ పెన్షన్ గురించి చుట్టాలంతా చుట్టూ ఉండగా ఫోన్లో సగమే చెప్పగలిగాను, మిగతాది రాస్తున్నా.

ముందు మీ అత్తగారి సంగతి. అల్లుడు ఉద్యోగంలో చేరేనాటికి పెళ్లి కాలేదు, పీఎఫ్ నామినేషన్‌లో వాళ్లమ్మ పేరు రాసి తర్వాత మార్చడం మర్చిపోయాడు, అందుకని పెన్షన్ కూడా ఆవిడకే పోతుందని ఎవరో అన్నారట. పోదు. ఫ్యామిలీ పెన్షన్ నామినేషన్‌ని బట్టి రాదు. 1995 నాటి బ్యాంకు ఉద్యోగుల పెన్షన్ నిబంధనల ప్రకారం మొదటి హక్కు భార్యది, నువ్వున్నంతకాలం నీకే, మళ్లీ పెళ్లి చేసుకుంటే తప్ప. పిల్లలకు నీ తర్వాతే, అదీ పాతికేళ్లు నిండేదాకా. పీఎఫ్, గ్రాట్యుటీల లెక్క వేరు, దాన్నీ దీన్నీ కలిపి ఇంట్లో గొడవ తెచ్చుకోకు. పెద్దావిడ కొడుకుని పోగొట్టుకుని ఉంది.

నీకు టీచరు జీతం ఉంది కాబట్టి పెన్షన్ రాదని ఇంకొకరు అన్నారన్నావు. అదీ తప్పే, భార్య సంపాదనకీ దీనికీ సంబంధం లేదు.

అసలు చూడాల్సింది అతను ఏ పెన్షన్ కింద ఉన్నాడనేది. 2010 ఏప్రిల్ 1 నుంచి చేరినవాళ్లది ఎన్‌పీఎస్ (జాతీయ పెన్షన్ పథకం), వాళ్లకి ఈ లెక్క వర్తించదు. స్టేట్ బ్యాంకుకి సొంత నిబంధనలున్నాయి, అతనిది అది కాదు. 1998లో చేరాడు కాబట్టి నిక్షేపంగా పాత పెన్షనే. రాజీనామా చేసి బయటకి వెళ్లుంటే సర్వీసంతా పోయేది, అదృష్టమనాలో ఏమనాలో, చివరిదాకా ఉద్యోగంలోనే ఉన్నాడు.

ఎంత వస్తుందంటే, ఆఖరి జీతంలో 30 శాతం. పాత రోజుల్లో 9,284 రూపాయలు దాటేది కాదు, 2020 నవంబరు నాటి బ్యాంకు ఉద్యోగుల వేతన ఒప్పందంతో ఆ పరిమితి తీసేశారు, 2021 ఏప్రిల్ నుంచి అందరికీ 30 శాతమే. ఇది చాలామందికి తెలుసు. తెలియనిది ఏంటంటే, ఏడేళ్లు సర్వీసు దాటి ఉద్యోగంలో ఉండగా పోతే మొదటి ఏడేళ్లు (లేదా అతనికి 65 నిండే తేదీ వరకు, ఏది ముందైతే అది) ఎక్కువ రేటు ఇస్తారు, సగం జీతం దాకా. పెన్షన్ లెక్కలోకి వచ్చే జీతం 60,000 అనుకో, ఏడేళ్లు 30,000, తర్వాత 18,000, వీటి మీద కరువు భృతి అదనం. అతనికి 52 కాబట్టి నీకు ఏడేళ్లూ పూర్తిగా వస్తాయి. ఆర్డరు చేతికొచ్చాక ఈ రేటు వేశారో లేదో నువ్వే చూసుకో.

ఇక కాగితాలు. మరణ ధృవీకరణ పత్రం పది కాపీలు తీసిపెట్టుకో, అందరూ అడుగుతారు. తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌కి ఈరోజే మీసేవలో అప్లై చెయ్యి, ఆలస్యమయ్యేది అదే. పేరు దగ్గర చాలా జాగ్రత్త. నేను పెన్షన్ సెక్షన్లో ఉన్నప్పుడు ఒకావిడకి ఆధార్‌లో పుట్టింటి ఇంటిపేరు, సర్వీస్ రికార్డులో అత్తింటిది ఉండి ఫైలు నెలల తరబడి కదల్లేదు. నీ విషయంలో అలాంటిదుంటే రెండు పేర్లూ ఒకరివేనని నోటరీ అఫిడవిట్ ముందే జతచేసెయ్. అప్లికేషన్ ఇచ్చి ఊరుకోకు, ముద్ర వేసిన అక్‌నాలెడ్జ్‌మెంట్ కాపీ తెచ్చుకో.

అతని ఏటీఎం కార్డు మాత్రం ఎవరు చెప్పినా వాడొద్దు.

ఏటా నవంబరులో లైఫ్ సర్టిఫికెట్, మళ్లీ పెళ్లి చేసుకోలేదనే డిక్లరేషన్ ఇవ్వాలి. రెండోది రాసేటప్పుడు చివుక్కుమంటుంది, కానీ తప్పదు. ఇన్‌కమ్ ట్యాక్స్‌లో దీన్ని నీ జీతంలో కలపకు, ఇతర ఆదాయం కింద చూపించాలి. అందులో మూడో వంతు గానీ 15,000 (కొత్త పన్ను విధానంలో అయితే 25,000) గానీ, ఈ రెంటిలో ఏది తక్కువైతే అది మినహాయింపు.

ఆదివారం వస్తున్నాను, ఫారాలు కలిసి నింపుదాం. ఈలోపు బ్రాంచి నుంచి ఎవరైనా వచ్చి ఖాళీ కాగితాల మీద సంతకం అడిగితే బాబాయి వచ్చాక పెడతానని చెప్పు.

నీ బాబాయి