బెలీజ్ వెళ్తున్నారా? సన్‌స్క్రీన్ కంటే ముందు హోటల్ సంగతి చూడండి

పిల్లలతో మధ్య అమెరికాలోని బెలీజ్‌లో స్నార్కెలింగ్‌కి (గొట్టంతో ఊపిరి పీలుస్తూ, నీళ్ల మీద తేలుతూ పగడాల్ని చూడటానికి) వెళ్తున్నాం, పగడాలకి హాని చెయ్యని సన్‌స్క్రీన్ ఏదని అడిగారు. అదీ చెప్తాను. కానీ మీరు ఏ హోటల్లో దిగుతారన్నది అంతకంటే ముఖ్యం.

మేము హ్యూస్టన్ నుంచి వెళ్లి ఆంబర్‌గ్రిస్ కీ దీవిలో ఉన్నాం. పడవలో వెళ్తుంటే మా గైడు ఒక రిసార్టు చూపించి, ఆ ఇసుక తీరమంతా ఒకప్పుడు మడ చెట్లేనన్నాడు. మాది కాకినాడ. కోరంగి మడ అడవుల్లో ఆ వేళ్ల మధ్య చేపపిల్లలు తిరగడం చూస్తూ పెరిగినదాన్ని. అందుకే ఆ మాటకి చాలా బాధేసింది.

మడ వేళ్లు బురదని పట్టి ఉంచుతాయి. వాటిని నరికేస్తే ఆ మట్టి సముద్రంలోకి పోయి నీళ్లు మురికిబారతాయి. పగడాల ఒంట్లో ఉండి వాటికి తిండి పెట్టే నాచుకి ఎండ అందదు, పగడం నీరసిస్తుంది. చేపల సంగతీ అంతే. రెయిన్‌బో పేరట్‌ఫిష్ పిల్లగా ఉన్నప్పుడు మడల్లోనే పెరుగుతుంది, పెద్దయ్యాక పగడపు దిబ్బల మీదికి వచ్చి, అక్కడ పైన పెరిగే వేరే నాచుని గీకి తింటుంది. మడలు పోయిన చోట ఆ చేపే కనపడకుండా పోయిందని 2004లో నేచర్ అనే సైన్సు పత్రికలో వచ్చింది. ఇలా నాచు తినే చేపలు తగ్గితే ఆ నాచు పెరిగి పగడాల్ని కప్పేస్తుంది. బెలీజ్ 2009లో పేరట్‌ఫిష్‌ల వేటని నిషేధించింది.

అదే ఏడాది యునెస్కో బెలీజ్ పగడపు దిబ్బల్ని ప్రమాదంలో ఉన్న వారసత్వ స్థలాల జాబితాలో పెట్టింది. మడల నరికివేత, అడ్డూ అదుపూ లేని కట్టడాలే కారణం. తర్వాత అక్కడి జనం గట్టిగా నిలబడ్డారు. సముద్రంలో చమురు అన్వేషణ ఆగింది, మడలకి కొత్త నిబంధనలు వచ్చాయి. 2018లో ఆ జాబితా నుంచి పేరు తీసేశారు. అంటే టూరిజం డబ్బు చెడగొట్టగలదు, కాపాడనూగలదు. ఆ డబ్బులో కొంత మీ చేతిలోంచే వెళ్తుంది.

అందుకే బుక్ చేసే ముందు హోటల్‌కి మెయిల్ పెట్టండి: మీ తీరంలో మడలు ఉంచారా? మురుగునీరు ఎక్కడికి పోతుంది? సూటిగా జవాబు రాకపోతే ఇంకో హోటల్ చూసుకోండి. తీరంలో మడలుంటే దోమలు కొంచెం ఎక్కువే, దానికి మందు రాసుకుంటే సరిపోతుంది.

స్నార్కెలింగ్‌కి హోల్ చాన్ మెరైన్ రిజర్వుకి వెళ్లండి. 1987లో ఏర్పడింది. పగడాలు, సముద్రపు గడ్డి, మడలు మూడూ దాని పరిధిలోనే ఉన్నాయి, లైసెన్సున్న గైడు తప్పనిసరి. ఎంట్రీ ఫీజు ఉంటుంది, దాని దగ్గర బేరం ఆడకండి. తక్కువ మందిని తీసుకెళ్లే పడవ ఎంచుకోండి. పిల్లలకి లైఫ్ జాకెట్ వేస్తే కాళ్లు కిందికి దిగి పగడాల్ని తన్నవు. గుండ్రటి పెద్ద పగడం ఏడాదికి కొన్ని మిల్లీమీటర్లే పెరుగుతుంది, ఒక్క దెబ్బకి ఏళ్ల ఎదుగుదల పోతుంది. సొరచేపలకి మేత వేస్తామనే వాళ్లతో వెళ్లొద్దు.

2023 లాంటి వేడికి పగడాలు తెల్లబడటాన్ని మన జాగ్రత్తలు ఆపలేవు, నిజమే. కానీ శుభ్రమైన నీళ్లలో ఉన్నవాటికి కోలుకునే అవకాశం ఎక్కువ.

ఇక సన్‌స్క్రీన్. ఆక్సీబెంజోన్, ఆక్టినాక్సేట్ అనే రసాయనాలు లేకుండా, జింక్ ఆక్సైడ్ ఉన్నది తీసుకోండి. ముఖానికీ మెడకీ చాలు. మిగతా ఒంటికి పొడుగు చేతుల ఈత చొక్కాలు బయల్దేరే ముందే కొనుక్కోండి, ఆ దీవుల్లో ధరలు ఎక్కువ.